లాప్‌టాప్‌కి దిండు

మనిషి నిద్రపోయినప్పుడు వాడి తలలో ఉన్నదంతా ఎక్కడికి పోతుంది?

అల్లాబక్షుకి ఈ అనుమానం పెళ్ళికి ముందు నుంచీ ఉంది. పగలంతా తలలో గిరగిరా తిరిగే లెక్కలూ, పాటలూ, తగాదాలూ కళ్ళు మూయగానే ఎటు పోతాయి? పోతే పోయాయి, తెల్లారేసరికి ఎవరివి వాళ్ళకి, ఒక్కటీ తారుమారు కాకుండా ఎలా తిరిగొస్తాయి? దర్శి ఊరంతా ఒకేసారి పడుకుంటుంది కదా, ఒక్కరోజు పొరపాటున పక్క కొట్టు బుల్లయ్య తలలోవి తన తలలోకి వచ్చిపడితే తన గతేమిటి?

ఒకసారి మసీదులో హజ్రత్ గారిని అడిగాడు. నిద్రలో మన ప్రాణం అల్లా దగ్గర భద్రంగా ఉంటుందనీ, తెల్లారి ఆయన దయతో తిరిగొస్తుందనీ ఆయన నెమ్మదిగా చెప్పారు. మెట్లు దిగేదాకా అల్లాబక్షుకి ఆ జవాబు చాలా బాగుంది. చెప్పులు వేసుకుంటుంటే మాత్రం, 'ప్రాణం సరే, మరి లెక్కలో?' అనిపించింది. వెనక్కి వెళ్ళి మళ్ళీ అడగడం మర్యాద కాదని ఇంటికొచ్చేశాడు.

ఇంకొకడైతే ఈ సంగతి ఎప్పుడో వదిలేసేవాడు. కానీ అల్లాబక్షు బతుకు నడిచేదే నిద్ర మీద. వాళ్ళ తాత, నాన్న దూదేకే విల్లు భుజాన వేసుకుని ఊరూరా తిరిగి పరుపులు ఏకినవాళ్ళు. అల్లాబక్షు కాలానికి బస్టాండు వెనక పరుపుల కొట్టు వచ్చింది, కొట్టు వెనక దూది మిషన్ వచ్చింది, నాన్న విల్లు గోడెక్కింది. చుట్టుపక్కల ఎవరి పెళ్ళి జరిగినా, ఎవరికి నడుం పట్టినా ఆ కొట్టుకే రావాలి.

ఆ కొట్టులోకి లాప్‌టాప్‌ని తెచ్చింది అతని భార్య ఖుర్షిదా. కనిగిరిలో ఎవరో కంప్యూటర్ సెంటర్ ఎత్తేస్తుంటే, బిల్లులు కొట్టుకోవచ్చు, పువ్వుల డిజైన్లు చూసుకోవచ్చు అని కొనుక్కొచ్చింది. అమ్మినాయన ఒక్కటే పాఠం చెప్పాడు. "పనైపోయాక ఇదిగో ఈ హైబర్నేట్ నొక్కండమ్మా. పడుకుంటుంది. మళ్ళీ లేపితే ఎక్కడ ఆపారో అక్కడి నుంచే మొదలుపెడుతుంది. మధ్యలో కరెంటు పోయినా భయం లేదు."

ఆ పక్కనే షట్ డౌన్ అని ఇంకొకటి ఉంది. దాని జోలికి వాళ్ళిద్దరూ వెళ్ళలేదు. ఎందుకంటే ఆ ఇంట్లో కొట్టు 'మూశాం' అనే మాట ఎవరూ అనరు. సాయంత్రం తలుపులు వేశాక కూడా 'కొట్టు కట్టేశాం' అంటారు. అల్లాబక్షు నాన్న ఆ మాట విషయంలో చాలా పట్టింపు మనిషి. బయల్దేరే చుట్టాలు 'వెళ్తాం' అంటే గుమ్మంలో నిలబెట్టి 'వెళ్ళొస్తాం' అనిపించేవాడు. అలాంటి ఇంట్లో బిల్లులు కొట్టే మిషన్ని మూస్తారా? పడుకోబెడతారు గానీ.

పడుకోబెట్టేటప్పుడు, పరుపుల కొట్టులో ఒక ప్రాణి ఉత్త చెక్కబల్ల మీద పడుకోవడం ఏం బాగుంటుందని ఖుర్షిదా దానికి ఒక దిండు వేసింది. దిండుకి పువ్వుల గలీబు కుట్టింది. చలికాలంలో మీద కప్పడానికి చిన్న బొంత కూడా కుట్టింది. పగలు కూడా దిండు మీదే దాని పని. బేరానికి వచ్చినవాళ్ళు చూసి ముచ్చటపడేవాళ్ళు. పక్కనే కారం మర నడిపే బుల్లయ్య అయితే వచ్చినప్పుడల్లా, "నీ కంప్యూటరుకున్న సుఖం నాకు లేదురా," అనేవాడు.

అల్లాబక్షుకి ఆ మిషన్ అంటే గౌరవం. తన అనుమానానికి జవాబు తెలిసిన ప్రాణి అదొక్కటే అని అతని నమ్మకం. రాత్రి సగంలో ఆపిన బిల్లు పొద్దున సగంలోనే కనపడేది. ఎక్కడ దాచుకుంటావే అని ఒకటి రెండుసార్లు మూత ఎత్తి అడిగాడు కూడా.

కాలం గడిచేకొద్దీ అది నెమ్మదించింది. మొదట్లో మూత తీయగానే లేచేది. తర్వాత తర్వాత బటన్ నొక్కి టీ తాగి రావాల్సి వచ్చింది. ఈ మధ్య మధ్యాహ్నం జుహర్ నమాజుకి వెళ్తూ నొక్కితే తిరిగొచ్చేసరికి లేచీ లేవనట్టు ఉండేది, ముసలాయన కునుకు తీసి లేచినట్టు. లోపల ఫ్యాను మాత్రం బుల్లయ్య మరకి పోటీగా అరిచేది.

"వయసైపోయింది పాపం," అనేది ఖుర్షిదా.

ఇద్దరూ దాన్ని తొందరపెట్టేవాళ్ళు కారు. తొందర పడాల్సిన రోజు ఇన్నాళ్ళకి వచ్చింది.

ఆరోజు సాయంత్రంతో హజ్ దరఖాస్తు గడువు అయిపోతోంది. అల్లాబక్షుకి ఎన్నాళ్ళ నుంచో ఉన్న కోరిక అది. కూతురు గుల్షన్ పెళ్ళి అయ్యేదాకా ఆగారు, తర్వాత ఖుర్షిదా మోకాళ్ళ నొప్పులు తగ్గేదాకా ఆగారు. వచ్చే ఏటికి నొప్పులు తన మోకాళ్ళలోకి వస్తాయేమోనని ఈసారి అల్లాబక్షు ఆగదలచుకోలేదు. నాలుగు రోజులుగా ఖుర్షిదా కాస్త కాస్తగా దరఖాస్తు నింపుతూ వచ్చింది. ఇక ఆఖరి పేజీలో ఒక్క నొక్కు మిగిలింది. ఆ నొక్కు దగ్గర బాణం గుర్తు ఆగిపోయింది. చక్రం తిరుగుతోంది. పొద్దున్నుంచీ తిరుగుతూనే ఉంది.

సరిగ్గా అప్పుడు బుల్లయ్య వచ్చాడు. ఒళ్ళంతా ఎర్రటి కారం దుమ్ము, తలకి తువ్వాలు.

"ఏరా, హజ్‌కి వెళ్తున్నావంట."

"దరఖాస్తు పెడుతున్నాం. లాటరీలో పేరు రావాలిగా."

"వస్తుందిలే. మీవాళ్ళు అంత దూరం వెళ్ళే ముందు ఎవరి బాకీలు వాళ్ళకి తీర్చేసి వెళ్తారంటగా."

"నాకు ఎవరి బాకీలూ లేవు."

"నా దిండో?"

అల్లాబక్షు నెత్తి పట్టుకున్నాడు. బుల్లయ్య దిండు కథ పాతది. ఎప్పుడో బూరుగు దూది దిండు ఒకటి ఉండలు కట్టిందని, మళ్ళీ ఏకి ఇవ్వమని బుల్లయ్య కొట్టులో పడేసి వెళ్ళాడు. అది తిరిగి రాలేదంటాడు బుల్లయ్య. ఇచ్చేశానంటాడు అల్లాబక్షు. ఆ దిండు పోయినప్పటి నుంచీ తనకి కంటి మీద కునుకు లేదని బుల్లయ్య ఊళ్ళో చెప్పుకుంటూ తిరుగుతాడు.

"ఇచ్చా గదరా."

"ఎప్పుడు ఇచ్చావ్?"

"ఎప్పుడో ఇచ్చా."

"నా కళ్ళలోకి చూసి చెప్పు."

అల్లాబక్షు చూశాడు. బుల్లయ్య కళ్ళు కారానికి ఎర్రగా, నీళ్ళతో ఉన్నాయి. అవి ఎప్పుడూ అలాగే ఉంటాయి. అయినా ఆ రోజు అల్లాబక్షు చూపు తిప్పుకున్నాడు. ఇచ్చానని నోరు అంటోంది గానీ, ఇచ్చినట్టు చెయ్యికి గుర్తు లేదు.

"ఇచ్చే ఉంటారులే అన్నయ్యా," అంది ఖుర్షిదా, తెర మీద చక్రాన్నే చూస్తూ. "ముందు ఇది కదలనివ్వండి. ఏవండీ, ముస్తాక్‌కి ఫోన్ చేయండి."

ముస్తాక్ అల్లాబక్షు తమ్ముడి కొడుకు. పెళ్ళాం పిల్లలున్నవాడు. గడియారాల రిపేరు నుంచి సెల్‌ఫోన్లకీ, అక్కడి నుంచి కంప్యూటర్లకీ ఎదిగాడు. సంచీ తగిలించుకుని వచ్చి కూర్చున్నాడు.

"పెద్దమ్మా, దరఖాస్తు పేజీ పేజీకీ సేవ్ కొట్టావా?"

"కొట్టా."

"అయితే అది వాళ్ళ దగ్గర భద్రంగా ఉంది. నా కొట్టులో తెరిచి పంపిద్దాం. పాస్‌వర్డు చెప్పు."

ఖుర్షిదా లాప్‌టాప్ వైపు చూపించింది. "దానికి తెలుసు."

"నీకు?"

"దానికి తెలిసినప్పుడు నాకెందుకురా?"

ముస్తాక్ ఒక నిట్టూర్పు విడిచి కింద పెట్టిన సంచీ తెరిచాడు. మిషన్ మీద చెయ్యి వేసి, కాలినట్టు వెనక్కి తీసుకున్నాడు. "దీన్ని ఆఖరుసారి ఎప్పుడు ఆపారు?"

"రోజూ రాత్రి ఆపుతాం," అన్నాడు అల్లాబక్షు.

"ఎలా ఆపుతారు?"

"హైబర్నేట్."

"అది కాదు పెదనాన్నా. పూర్తిగా ఎప్పుడు ఆపారు?"

భార్యాభర్తలు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"కొన్న తర్వాత ఆపలేదురా," అంది ఖుర్షిదా చివరికి. "అది మనింట్లో ఆచారం లేదు."

ముస్తాక్ తెర మీదికి వంగి, లోపల ఏమేం తెరిచి ఉన్నాయో ఒక్కొక్కటే చూడసాగాడు. గుల్షన్ ఇంటర్ ఫలితాల పేజీ అలాగే తెరిచి ఉంది. గుల్షన్ కొడుకు ఇప్పుడు బడికి వెళ్తున్నాడు. కాకరకాయ కారం చేసే వీడియో ఒకటి, వంటావిడ గరిటె ఎత్తిన చోట ఆగి ఉంది. ఎవరిదో పెళ్ళి పరుపుల బిల్లు సగంలో ఉంది.

"వీళ్ళు విడిపోయారు కూడా," అన్నాడు బుల్లయ్య, బిల్లు మీద పేర్లు చదివి.

"ఇది నిద్రపోతుందని మీరు అనుకుంటున్నారు," అన్నాడు ముస్తాక్. "పోతుంది, నిజమే. కానీ పడుకునే ముందు బుర్రలో ఉన్నదంతా మూట కట్టి హార్డ్ డిస్కులో పెట్టుకుంటుంది. ఆ మూటకి డిస్కులో బోలెడు చోటు కావాలి. పొద్దున మీరు లేపగానే మూట విప్పి మళ్ళీ అంతా బుర్రలోకి సర్దుకుంటుంది. మంచిదీ చెడ్డదీ చూడదు. నిన్నటి చెత్త నిన్నటి లాగే వచ్చేస్తుంది. ఆ పైన ఇవాళ్టి చెత్త. రాత్రికి మళ్ళీ మూట."

అల్లాబక్షు లేచి నిలబడ్డాడు. దరఖాస్తు సంగతి క్షణకాలం మరిచిపోయాడు. "అయితే మూటలో పెట్టుకుంటుందా?"

"అవును."

"అదే మూట, అక్కడే?"

"అక్కడే. ఏం?"

"ఏం లేదు. నువ్వు కానివ్వు." అతని మొహం వెలిగిపోయింది. ఇంతకాలం ఆ మూట సంగతి తనకి ఎవరూ చెప్పలేదు. ఎవరి మూట వాళ్ళ పెట్టెలోనే ఉంటే, బుల్లయ్య తలలోవి తన తలలోకి వచ్చే ప్రమాదం లేనట్టే. అంతలోనే ఇంకోటి తట్టింది. "ఒరే ముస్తాకూ, అంటే ఇది ఉండలు కట్టిందన్నమాట. పరుపు మీద దుప్పటి మారిస్తే ఉండలు పోవు కదా. కుట్లు విప్పి, దూది బయటికి తీసి ఏకాలి."

"అంతే పెదనాన్నా. దాన్నే మేం రీస్టార్ట్ అంటాం. రోజూ హైబర్నేట్ చేసుకోండి, తప్పు లేదు. వారానికోసారన్నా ఏకాలి."

"మరి షట్ డౌన్ చేద్దామా?" అంది ఖుర్షిదా, ఆ మాట చాలా చిన్నగా పలికి.

"వద్దు. దీంట్లో షట్ డౌన్ కూడా సగం దొంగ నిద్రే, తొందరగా లేవడానికి కాస్త మూట దాచుకుంటుంది. రీస్టార్టే అసలు పని."

ఖుర్షిదా రెండు చేతులూ మిషన్ మీద అడ్డంగా పెట్టింది. "పాస్‌వర్డు మర్చిపోతేనో? పాస్‌పోర్టు ఫొటోలు పోతేనో? ఇంకో ఏడాదిదాకా మళ్ళీ పెట్టడానికి ఉండదురా. మీ పెదనాన్న ఇప్పట్నుంచే నిద్రలో మక్కా జమ్‌జమ్ నీళ్ళు పట్టుకుని లేస్తున్నాడు."

"అవన్నీ డిస్కులో రాసి ఉన్నాయి పెద్దమ్మా. బుర్రలో ఉన్నవి మాత్రమే పోతాయి."

"బుర్రలో ఉన్నవి పోతే మిగిలేది ఏంటిరా?"

అందరూ అల్లాబక్షు వైపు చూశారు. అల్లాబక్షు తెర మీద గరిటె ఎత్తి నిలబడ్డ వంటావిడని చూశాడు. పాపం, ఆవిడైనా చెయ్యి దించుకోవాలి. "బిస్మిల్లా," అని రీస్టార్ట్ నొక్కాడు.

తెర నల్లబడింది. తర్వాత నీలం రంగులో అప్‌డేట్లు జరుగుతున్నాయి, ఆపవద్దు అని వచ్చింది. ఒక శాతం.

"ఇన్నేళ్ళ అప్‌డేట్లు ఒకేసారి," అన్నాడు ముస్తాక్. "అసలు ఇంత వేడి ఎందుకుందిది?" అని మిషన్ని కొంచెం ఎత్తి కిందికి చూశాడు. "దీనికి దిండు ఎవరు పెట్టారు?"

"నేనే," అంది ఖుర్షిదా, కాస్త గర్వంగా.

"పెద్దమ్మా, ఇది గాలి పీల్చేది కింద నుంచి. దిండు పెడితే ముక్కు మూసినట్టు. వేడెక్కి, తనకు తానే నెమ్మదిస్తుంది." దిండు లాగి పక్కన కూర్చున్న బుల్లయ్య ఒళ్ళో పడేశాడు. గాలి కన్నంలో చూస్తే దూది పేరుకుని ఉంది. మామూలు దూది కూడా కాదు, ఎర్రటి దూది. ముస్తాక్‌కి పని అలవాటు, ముందూ వెనకా చూడకుండా నోటితో గట్టిగా ఊదాడు.

కొట్టు దూదేకుల వారిది, పక్క కొట్టు కారం మర. అన్నాళ్ళుగా ఆ కన్నంలో చేరిన దూదీ కారమూ కలిసి ఒక్కసారిగా పైకి లేచాయి. మొదట ముస్తాక్ తుమ్మాడు. తర్వాత ఖుర్షిదా. తర్వాత అల్లాబక్షు ఆగకుండా, మధ్య మధ్య 'అల్హమ్‌దులిల్లా' చెప్పుకుంటూ తుమ్మాడు. రోడ్డు మీద పోయే ఒకాయన కూడా తుమ్మి, లోపలికి ఒకసారి తొంగిచూసి వెళ్ళాడు. బుల్లయ్య ఒక్కడే తుమ్మలేదు. ఆయన ముక్కుకి అది మామూలు గాలే.

"ఈ కారం వాసన మాదే. కర్నూలు రకం మిరప కాదు, తేజా రకం," అన్నాడు తృప్తిగా. "అది సరే, నేను అడిగేది ఏంటంటే అల్లాబక్షూ, ఆ దిండు..."

మాట సగంలో ఆగిపోయింది. అందరూ కళ్ళు తుడుచుకుని చూసేసరికి, బుల్లయ్య ఒళ్ళో దిండుని గోడకి ఆనించి, దాని మీద తల వాల్చి గురక పెడుతున్నాడు.

పదకొండు శాతం.

"ఎన్నో ఏళ్ళుగా నిద్ర లేదన్న మనిషి," అంది ఖుర్షిదా.

అల్లాబక్షు బుల్లయ్య తలకేసి చూశాడు. అతను బతుకంతా జనం దిండు మీద తల పెట్టడం చూసినవాడు. కొత్త దిండు మీద ఎవరైనా ముందు అటూ ఇటూ తల తిప్పుతారు. చెంప కింద చెయ్యి పెడతారు. ఇంత సూటిగా, తలుపు తాళం దొరికినట్టు నిద్రలోకి పోయేది సొంత దిండు మీదే. మెల్లగా దగ్గరికి వెళ్ళి పువ్వుల గలీబు అంచు పైకి ఎత్తాడు. లోపల చారల గుడ్డ. మూల మీద ఎర్ర దారంతో కుట్టిన మిరపకాయ. కొట్టులో దిండ్లన్నీ ఒకేలా ఉంటాయని, గుర్తు కోసం బుల్లయ్య భార్య పుల్లమ్మ కుట్టింది.

"ఖుర్షిదా, దీనికి ఈ దిండు ఎక్కణ్ణుంచి తీశావ్?"

"అదుగో, ఆ కుప్పలోంచి. చిన్నది కదా అని."

"అది ఏకాల్సినవాటి కుప్ప."

ఖుర్షిదా కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ముస్తాక్ మొహం తిప్పుకున్నాడు, భుజాలు ఊగుతున్నాయి. అల్లాబక్షుకి నవ్వు రాలేదు. ఊరి నడిమధ్య ఇచ్చానని ఎన్నిసార్లు అన్నాడో గుర్తొచ్చింది. ఆఖరి నొక్కు నొక్కడానికి తనకి ఈ దిండు అడ్డం. దాన్ని బుల్లయ్య చేతిలో పెట్టి, ముట్టిందని అనిపించుకుంటే గానీ తన వేలు కదలదు.

దిండు పట్టుకుని సుతారంగా లాగాడు. అది చేతికి రాగానే బుల్లయ్య కళ్ళు తెరుచుకున్నాయి.

"...ఆ దిండు నువ్వు ఇవ్వలేదు," అన్నాడు, ఎక్కడ ఆపాడో అక్కడి నుంచే.

అల్లాబక్షు ముస్తాక్ వైపు చూశాడు. "మూట విప్పాడ్రా," అన్నాడు మెల్లగా. తర్వాత బుల్లయ్య ముందు మిరపకాయ గుర్తు పెట్టాడు. "ఇదిగో నీ దిండు. ఇవ్వలేదు. నువ్వన్నదే నిజం."

బుల్లయ్య దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. మిరపకాయని గోటితో గీకాడు. లాప్‌టాప్‌ని చూశాడు. "ఇన్నాళ్ళూ అది నా దిండు మీద పడుకుందా? నేనే దాన్ని చూసి ఏడ్చాను కదరా."

"తప్పైపోయింది. తీసుకో. ముట్టిందని ఒక్క మాట అను."

"అనను."

"ఎందుకని?"

"నేను నీకిచ్చింది ఏకడానికి. ఇందులో ఉండలు అలాగే ఉన్నాయి, చూడు. ఏకిచ్చినప్పుడు అంటా."

నలభై శాతం. బయట ఎండ వాలుతోంది. దూది మిషన్ వేద్దామంటే ఆ కొట్టులో అది వేసినప్పుడల్లా ఫ్యూజు పోయే అలవాటు ఉంది, లాప్‌టాప్ బ్యాటరీ ఎప్పుడో పోయింది. మధ్యలో కరెంటు పోతే అంతా గల్లంతు. అల్లాబక్షు బల్ల ఎక్కి గోడ మీది విల్లు దించాడు. కొంగుతో దుమ్ము తుడిచింది ఖుర్షిదా. నేల మీద చాప వేసి, దిండు కుట్లు విప్పి, దూదంతా కుప్ప పోసి, నాన్న కూర్చున్నట్టే ఒక మోకాలు మడిచి కూర్చున్నాడు.

టుయ్, టుయ్ అని నారి మోగింది. మొదట చెయ్యి తడబడింది. తర్వాత భుజానికి గుర్తొచ్చింది. ఉండలు విడిపోయి బూరుగు దూది కొట్టంతా వెన్నెల్లా లేచింది. బుల్లయ్య మీసాలకి అంటుకుంది, ముస్తాక్ తలకి అంటుకుంది. ముస్తాక్ పైకి లేచి, లాప్‌టాప్ గాలి కన్నానికి తన చేతిరుమాలు అడ్డం పట్టుకుని, "డెబ్బై," అన్నాడు, తర్వాత "ఎనభై," అన్నాడు, కోడి మీద పందెం కాసినవాడిలా. ఏకిన దూదిని చారల గుడ్డలో కూరి ఖుర్షిదా సూదీ దారం అందుకుంది.

తెర వెలిగింది. ఇంతకుముందు టీ తాగి రావాల్సిన చోట ఈసారి ఖుర్షిదా రెండు కుట్లు వేసేలోపే అంతా వచ్చేసింది. ఫ్యాను చప్పుడే లేదు. ముస్తాక్ దరఖాస్తు తెరిచాడు, పాస్‌వర్డు చోట చుక్కలు తమంతట తామే పడ్డాయి, నింపిన పేజీలన్నీ నింపినట్టే ఉన్నాయి.

"గుర్తుంది దానికి," అంది ఖుర్షిదా.

"పెదనాన్నా, నొక్కు. టైము అయిపోతోంది."

"ఆగు. ఇంకో కుట్టు ఉంది."

ఖుర్షిదా ఆఖరి ముడి వేసి దారం కొరికింది. అల్లాబక్షు రెండు చేతులతో దిండు తీసుకుని బుల్లయ్యకి అందించాడు. బుల్లయ్య దాన్ని నాలుగు మూలలా నొక్కి, చెవి దగ్గర పెట్టుకుని, చెంపకి ఆనించుకున్నాడు. ఎక్కడ నిద్రపోతాడోనని ముస్తాక్ ఆయన భుజం పట్టుకున్నాడు.

"ముట్టింది," అన్నాడు బుల్లయ్య.

అల్లాబక్షు నొక్కాడు. చక్రం ఒక్కసారి తిరిగింది, ఆగింది. దరఖాస్తు అందినట్టు వచ్చింది. సాయంత్రం అసర్ నమాజుకి అజాన్ మొదలైంది. అతను టోపీ కోసం తడుముకుంటుంటే, దిండు చంకన పెట్టుకుని గుమ్మం దాటిన బుల్లయ్య వెనక్కి తిరిగాడు.

"ఒరే, దిండిస్తే సరిపోయిందా? ఇచ్చినప్పుడు దానికి గలీబు ఉంది."

ఆ గలీబు ఏమైందో ఎవరికీ తెలియదు. ఖుర్షిదా లాప్‌టాప్‌కి కుట్టిన పువ్వుల గలీబు దులిపి, మడతపెట్టి, తీసుకెళ్ళి ఆయన చేతిలో పెట్టింది.